బొట్టు పెట్టి పిలవడానికి గద్వాలకు

ఈ ఎండాకాలానికి ఫోన్‌లోంచి వాట్సాప్, ఫేస్‌బుక్ తీసేశాను. అలసిపోయాను. ఇంటికి పెద్దదాన్ని కాబట్టి అందరి ఫిర్యాదులూ నాకే వస్తాయి; దీపం ముందు కూర్చున్నా ఫోన్ మోగుతూనే ఉంటుంది. తమ కూతురి పెళ్లికి మా తమ్ముడూ మరదలూ చుట్టాలందరి ఇళ్లకూ వెళ్లి బొట్టు పెట్టి పిలిచారు. గద్వాలలో ఉన్న మా చెల్లెలు సులోచనకు మాత్రం పత్రిక ఫోన్‌లో పంపారు. ఆమె భర్త పోయి రెండేళ్లు. భర్త లేనామెకు బొట్టెలా పెడతామని వాళ్ల సంకోచం. పెళ్లికి రానని ఒక్క మాట రాసి సులోచన మా కుటుంబ గ్రూపులోంచి వెళ్లిపోయింది. మిగిలినవాళ్లు అందులో వాదించుకుని, నన్ను తీర్పు చెప్పమన్నారు. అప్పుడే ఫోన్‌లోంచి అవన్నీ తీసేశాను. కుంకుమ భరిణె సంచిలో పెట్టుకుని బయలుదేరాను.

నాగర్‌కర్నూల్‌లో పొద్దున్నే ఆరున్నర బస్సు ఎక్కితే ఎనిమిదికల్లా వనపర్తి. అక్కడ ముప్పై రూపాయలకు ఇడ్లీ తిని, ఆత్మకూరు మీదుగా గద్వాల వెళ్లాను. బస్సులో ఆడవాళ్లకు టికెట్ ఉచితం, కానీ సీటు దొరకదు. ఆత్మకూరు దాకా నిలబడే వచ్చాను. గద్వాల చేరేసరికి ఎండ నిప్పులు. ఆటోకు యాభై.

"గింత ఎండల యాడికమ్మా?" అన్నాడు ఆటో ఆయన.

"చెల్లె ఇంటికి. పెండ్లి పిలుపు."

"గవన్ని ఇప్పుడు ఫోన్లనే అయితున్నయి గదా."

"అందుకే పోతున్న," అన్నాను.

సులోచన నీళ్లిచ్చి, మళ్లీ మిషన్ దగ్గర కూర్చుని చీరకు ఫాల్ కుట్టసాగింది.

"పిలుపు ఫోన్ల వచ్చింది గద అక్కా. జవాబు తెమ్మని తోలిండా తమ్ముడు?"

"వాడు తోలలే. నేనే వచ్చిన. లే, మొకం కడుక్కరా."

నేను సంచిలోంచి తీసిన భరిణె చూసి ఆమె చేతులు ఆగాయి. "నాకు బొట్టేంది? నలుగురు చూస్తే నిన్నంటరు."

"అననీ. రోజూ దేవుని ముందర పెట్టే కుంకుమే. పెట్టాల్నా వద్దా, గది చెప్పు."

కుడుతున్న దారం తెంపి, చీర మడిచి పక్కన పెట్టింది. తర్వాత లేచి, ముఖం కడుక్కుని వచ్చి నా ముందు కూర్చుంది. పెట్టాను.

"ఫోటో తీసి గ్రూపుల ఎయ్యకు," అంది.

"నా తాన గ్రూపే లేదు."

నవ్వింది. అంతలోనే మళ్లీ చీర అందుకుంది. "పెండ్లిల ఎవలన్న తుడుస్కొమ్మంటే లేచి వస్త అక్కా. ముందే చెప్తున్న."

"లేస్తే ఇద్దరం లేద్దాం."

మధ్యాహ్నం ఆమె చేసిన జొన్నరొట్టె తిని చాప మీద వాలాను. గొడవ తీరలేదు. సులోచన బొట్టుతోనే పెళ్లికి వస్తుందని తమ్ముడి ఎదుట కూర్చుని చెప్పాలి, అదేమీ తేలిక కాదు. ఫోన్ మానేస్తే విశ్రాంతి దొరుకుతుందనుకున్నాను, పని పెరిగింది. కానీ చాలా రోజుల తర్వాత పగటిపూట నిద్ర పట్టింది.

వేసవిలో ఈ దారిన వచ్చేవాళ్లకు ఒకటే చెప్తాను. మధ్యాహ్నం తిరుగు బస్సు ఎక్కకండి, ఐదు దాటనివ్వండి. అప్పటిదాకా వెళ్లిన ఇంట్లోనే ఉండండి.