ప్రెసిడెంటు గారిని వెనక బెంచీకి పంపిన పాఠం

చదువు పూర్తయిన కొత్తలో ఎవరికైనా తాము నేర్చుకున్నది లోకానికి అత్యవసరంగా కావాలనే అనిపిస్తుంది. ఆ రోజుల్లో నాకు మరీ ఎక్కువగా అనిపించేది. నేను చదివింది భాషాశాస్త్రం, అందులోనూ వాక్యాలు. వాక్యంలో కర్త ఎక్కడ కూర్చుంటాడు, కర్మ ఎక్కడ కూర్చుంటుంది, క్రియ కాస్త వేషం మార్చుకోగానే పాపం ఆ కర్మకి హోదా ఎలా ఊడిపోతుంది, ఇదీ నా ప్రత్యేక విషయం. (పెళ్ళి భోజనాల్లో ఈ సంగతి ఎత్తితే పక్కవాళ్ళు మంచినీళ్ళ కోసమని లేచి వెళ్ళి మరి వచ్చేవాళ్ళు కాదు.) రాయచూరు బజారులో మా నాయినకి గడియారాలు బాగుచేసే చిన్న దుకాణం ఉండేది. నేను పట్టా పుచ్చుకుని ఇంటికొచ్చిన రోజున ఆయన కంటికి పెట్టుకున్న భూతద్దం తియ్యకుండానే నా చదువంతా విని, చివరికి ఒకే ప్రశ్న వేశాడు. "ఏంది బిడ్డా ఇది! నేను గడియారం ఇప్పితే మళ్ల తిరుగుతది. నువ్వు వాక్యం ఇప్పితే ఏమొస్తది? జర చెప్పు, నాకు గూడ తెలుస్తది."

జవాబు లేనప్పుడు రోషం వస్తుంది కనుక అదే వచ్చింది. రాయచూరు పక్కనే యరమరస్‌లో ఎవరో కాంట్రాక్టరు ఆఫీసులో హాజరు వివరాలు కంప్యూటరులో ఎక్కించే పని ఉందని మా చిన్నాయన అప్పటికే మాట వేసి ఉంచాడు. నేను మాత్రం పాఠాలే చెబుతానని భీష్మించుకుని కూర్చున్నాను. నాయిన కాసేపు ఆలోచించి ఒప్పందం పెట్టాడు. "ఎండకాలం దాంక సూస్త. అప్పటికి నౌకరీ పక్కా అయితే సరే. గాకుంటే యరమరస్ పోవాలె. మల్ల ఇంట్ల కూసుని ఏడిస్తే నేను ఇన." అలా నా వాక్యాల భవిష్యత్తు మొత్తం ఒక వేసవి మీద ఆధారపడింది.

దొరికిన బడి గోరేబాళ అనే ఊరు దాటాక ఒక క్యాంపులో ఉంది. కోస్తా నుంచి వచ్చి తుంగభద్ర కాలువ కింద వరి వేసుకుంటున్న రైతుల ఊళ్ళని మావైపు క్యాంపులనే అంటారు. ఆ రైతులే తలా కాస్త వేసుకుని కట్టుకున్న ఇంగ్లీషు మీడియం బడి అది. పిల్లలు ఇంట్లో తెలుగు, బజారులో కన్నడం మాట్లాడతారు. తెలుగు రాయమంటే మాత్రం పెన్ను నోట్లో పెట్టుకుంటారు. అందుకని పెద్దలు శనివారం మధ్యాహ్నం తెలుగు క్లాసు పెట్టించారు. ఇంగ్లీషుకని తాత్కాలికంగా తీసుకున్న నా నెత్తిన అది కూడా పడింది. మొదటి రోజే నేను, "పుస్తకాలు ఇంట్ల మర్చి రావొద్దు" అన్నాను. క్లాసంతా పగలబడి నవ్వింది. ముందు బెంచీలో ఒక పిల్ల లేచి, "ఇంట్లో అండీ, ఇంట్లో!" అని నాకు తెలుగు నేర్పింది. ఆ పిల్ల గొంతు బడిగంటకి ఏమాత్రం తీసిపోదు. అందుకే నేను తనకి గంట అని పేరు పెట్టుకున్నాను. బడి కమిటీ ప్రెసిడెంటు గారి మనవరాలని తర్వాత తెలిసింది. అలాంటివి నాకెప్పుడూ తర్వాతే తెలుస్తాయి.

తర్వాత తెలిసిన వాటిలో కుర్చీ సంగతి ముఖ్యమైనది. ప్రెసిడెంటు గారి తండ్రి కోస్తా నుంచి లారీలో వచ్చినప్పుడు సామాన్లతో పాటు ఒక టేకు చేతుల కుర్చీ తెచ్చుకున్నాడట. క్యాంపులో ఏ సభ జరిగినా, బడిలో జెండా ఎగరేసినా, ముందుగా ఆ కుర్చీ ట్రాక్టరు మీద వచ్చేది. ముందు వరసలో నడిమధ్యన వేసేవారు. అందులో ప్రెసిడెంటు గారే కూర్చోవాలి. ఆయన ఆలస్యమైతే కుర్చీ మీద ఆయన కండువా పరిచి ఉంచుతారు. కండువా ఉందంటే ఆయన ఉన్నట్టే లెక్క. వచ్చినవాళ్ళు దానికీ ఓ నమస్కారం పడేసి వెళ్ళి కూర్చుంటారు. ఊరందరికీ పుట్టుకతో తెలిసిన ఈ మర్యాద నాకు ఎవరూ చెప్పలేదు. చెప్పాల్సిన విషయమని ఎవరికీ తోచలేదు మరి.

ఏడాది చివర తల్లిదండ్రుల ముందు పాఠం చెప్పాలి. అది చూశాకే కమిటీవారు ఎవరిని ఉంచాలో, ఎవరిని పంపాలో తేల్చేవారు. మా హెడ్డు మాస్టారిది మాన్వి తాలూకా మల్లట్. కన్నడం మనిషి, మెత్తని మనిషి, గాలి వీచినా తన పొరపాటేమోనని కంగారుపడే మనిషి. "మేడమ్, సుమ్మనే, ఊరికే, ఒక పద్యం చెప్పించేయండి. పిల్లలు చేతులు కట్టుకుని చెప్తారు, అందరూ చప్పట్లు కొడతారు, ముగీతు, అయిపోయినట్టే" అని బతిమాలాడు. నేను వింటానా! నా ప్రత్యేక విషయాన్ని లోకానికి చూపించే అవకాశం మళ్ళీ రాదు. కర్త, కర్మల హోదా మార్పుని నాటకంగా ఆడించాలని రాత్రంతా కూర్చుని అట్టముక్కలు కత్తిరించాను. ఒకదాని మీద 'ని' అనీ, ఇంకోదాని మీద 'మీద' అనీ పెద్ద అక్షరాలతో రాసి మెళ్ళో వేసుకోవడానికి దారాలు కట్టాను.

ఆ శనివారం గది నిండిపోయింది. నా నాటకానికి రెండు కుర్చీలు కావాలి. ఒకటి ప్లాస్టిక్‌ది దొరికింది. ముందు వరసలో చూస్తే మంచి టేకు కుర్చీ ఒకటి ఖాళీగా ఉంది, పైన ఎవరిదో తువ్వాలు. ఈడ్చుకొచ్చి బోర్డు పక్కన వేశాను. తువ్వాలుతో బోర్డు కూడా శుభ్రంగా తుడిచాను. (ఆ కండువాకి జరీ అంచు ఉన్న మాట చేతికి తెలిసింది, బుర్రకి తెలియలేదు.) గది అంతా ఒక్కసారిగా సద్దుమణిగింది. నా పాఠం మీద ఎంత శ్రద్ధో అనుకుని మురిసిపోయాను. గుమ్మం దగ్గర హెడ్డు మాస్టారు రెండు చేతులూ ఊపుతూ ఏదో సైగ చేస్తుంటే, ఆయన నన్ను ప్రోత్సహిస్తున్నాడనుకుని నేనూ చెయ్యి ఊపాను.

"మొదటి కుర్చీ కర్తది. రెండో కుర్చీ కర్మది. ఎవరైనా ఒక వాక్యం చెప్పండి" అన్నాను. అప్పుడే ప్రెసిడెంటు గారూ, ఆయన భార్య మామ్మ గారూ లోపలికి వస్తున్నారు. వాళ్ళని చూడగానే గంట మోగింది. "నాయనమ్మ తాతయ్యని తిట్టింది!"

గదిలో ఎవరో నవ్వబోయి దగ్గు కింద మార్చుకున్నారు. నాకైతే వాక్యం తనంతట తానే నడిచి వచ్చినట్టయింది. "రండి మామ్మ గారూ, మీరే కర్త" అని ఆవిణ్ణి తీసుకెళ్ళి టేకు కుర్చీలో కూర్చోబెట్టాను. ఆవిడ భర్త వైపు ఓసారి, కుర్చీ వైపు ఓసారి చూసి, సందు దొరికిందే చాలన్నట్టు కూర్చుండిపోయింది. ప్రెసిడెంటు గారి మెళ్ళో 'ని' వేసి ప్లాస్టిక్ కుర్చీ చూపించాను. ఆయన పొరుగూరి ఆడపిల్ల మాట నలుగురిలో కాదనలేక కూర్చున్నారు. గంట ఇద్దరి మధ్యా నిలబడి క్రియలాగా వేలు ఆడించింది.

"ఇప్పుడు కర్మని కర్త కుర్చీలోకి తేవాలి. పుస్తకంలో అయితే 'తాతయ్య తిట్టబడ్డాడు' అంటారు. మనం ఇంట్లో అలా అంటామా?"

"అనం అండీ! తాతయ్య తిట్లు తిన్నాడు అంటాం!"

"భేష్! తిన్నది ఎవరు? తాతయ్య. కనుక ఆయన మొదటి కుర్చీలోకి వస్తారు." ఆయన మెళ్ళో 'ని' తీసేసి ఇద్దరినీ చోట్లు మార్చాను. ప్రెసిడెంటు గారు తన కుర్చీ తనకి దక్కగానే కాస్త తేలికపడి, "తింటే తిన్నాంలే అమ్మాయ్, కుర్చీ దొరికింది" అన్నారు. జనం ధైర్యంగా నవ్వారు. అక్కడితో ఆపి నమస్కారం పెట్టి ఉంటే సుఖంగా గట్టెక్కేదాన్ని. కానీ అసలు పాఠం ఇంకా మొదలే కాలేదు. కర్మ పైకెక్కడం ప్రతి వ్యాకరణం పుస్తకంలోనూ ఉంటుంది. కర్మ కిందికి దిగడమే కదా నా ప్రత్యేకత!

"ఇదే సంగతిని ఇంకోలా చెప్పండి. నాయనమ్మ తాతయ్య మీద..."

"నోరు చేసుకుంది!" అని పిల్లలంతా ఒక్కసారిగా అరిచారు.

"చూశారా! కర్త మళ్ళీ నాయనమ్మే." మామ్మ గారు నేను చెప్పక ముందే టేకు కుర్చీ దగ్గరికి వచ్చేసింది. ప్రెసిడెంటు గారు లేవక తప్పలేదు. ఆయన రెండో కుర్చీ వైపు నడవబోతుంటే నేను అడ్డుపడ్డాను. "అందులో కాదండీ. ఏం చేసుకుంది? నోరు చేసుకుంది. రెండో కుర్చీ ఇప్పుడు నోటిది." గంట టక్కున వెళ్ళి కూర్చుని నోరు తెరిచింది. ప్రెసిడెంటు గారి మెళ్ళో ఈసారి 'మీద' వేశాను. "మీకిప్పుడు కుర్చీ లేదు. గోడ పక్కన నిలబడండి. ఇక ఆఖరిది. 'నాయనమ్మ ఎప్పుడూ తిడుతూనే ఉంటుంది.' ఎవరిని?"

"చెప్పలేదండీ!"

"చెప్పలేదు. చెప్పకపోయినా వాక్యం నిలబడింది. అంటే కర్మ మెళ్ళో అట్టముక్క కూడా అక్కర్లేదు." ఉన్న ఆ ఒక్కటీ తీసేసి, "ప్రెసిడెంటు గారూ, మీరు వెళ్ళి ఆ వెనక బెంచీలో కూర్చోండి" అన్నాను.

ఆయన నెమ్మదిగా నడుచుకుంటూ వెనక్కి వెళ్ళారు. పిల్లలు జరిగి చోటిచ్చారు. ఈసారి గదిలో నిశ్శబ్దం శ్రద్ధ కాదని నాక్కూడా అర్థమైంది. హెడ్డు మాస్టారు నా పక్కకి వచ్చి, ఏడుపు గొంతుతో, "ఏన్ మాడిద్రి మేడమ్, ఎంత పని చేశారు! అది ఆయన కుర్చీ. ఆ కుర్చీలో ఇన్నాళ్ళల్లో ఇంకొకరు కూర్చోలేదు. ఆ బోర్డు తుడిచిన గుడ్డ కూడా ఆయనదే" అని గుసగుసలాడాడు. నా చేతిలో కండువా సుద్దపొడితో తెల్లగా ఉంది. యరమరస్ నా కళ్ళకి చాలా స్పష్టంగా కనిపించింది. కంప్యూటరు, పక్కన ఫ్యాను, చిన్నాయన చిరునవ్వు, అన్నీ కనిపించాయి. నిజంగా ఏడుపొచ్చింది.

అప్పుడు వెనక నుంచి ప్రెసిడెంటు గారి గొంతు వినిపించింది. "అమ్మాయీ, ఇక్కణ్ణుంచి బోర్డు మీద ఒక్క ముక్క కనపట్టంలేదే! కిటికీ వెలుతురంతా దాని మీదే పడుతోంది."

పక్కనున్న పిల్లాడు, "మాకెప్పుడూ కనపడదు తాతయ్యా" అన్నాడు, అదేమంత విశేషం కానట్టు.

"ఎప్పుడూనా? మరి ఎలా రాసుకుంటున్నార్రా?"

"ముందు వాళ్ళవి చూసి రాసుకుంటాం."

ప్రెసిడెంటు గారు పక్కకి వంగి, ఆ పిల్లాడి తల పక్క నుంచి మళ్ళీ బోర్డు వైపు చూశారు. ఆ బోర్డు ఆయనే ఇచ్చారు. బడి మొదలైనప్పటి నుంచీ దాన్ని ముందు వరస నడిమధ్యన కూర్చునే చూశారు. తర్వాత ఆయన అడిగిన ప్రశ్న మాత్రం నేను ఊహించలేదు. "సరే గానీ, నాకు మళ్ళీ కుర్చీ ఎప్పుడిస్తావ్?"

భయంలో ఉన్నాను కనుక నిజమే చెప్పేశాను. "తిట్లు ఎవరికి తగిలాయో చెప్పదలుచుకుంటే మీకు కుర్చీ వేస్తామండీ. మామ్మ గారి గురించి చెప్పదలుచుకుంటే వెయ్యం. ఆఖరి వాక్యం మీ గురించి కాదు. ఆవిడ గురించి."

మామ్మ గారు కుర్చీ చేతుల మీద రెండు చేతులూ ఆనించి, వెనక్కి వాలి, నెమ్మదిగా అంది. "అంటే ఇన్నాళ్ళకి ఒక మాట నా గురించన్నమాట. తిట్ల మాటే అయితే అయిందిలే." ఆపైన భర్త వైపు చూసి, "ఏవండీ, మీరు కాసేపు అక్కడే ఉండండి. ఇది నడుముకి హాయిగా ఉంది" అంది. ముందుగా నవ్వింది ప్రెసిడెంటు గారే. ఆయన నవ్వాక నవ్వవచ్చని ఊరికి ఆదేశం అందినట్టయి, ఆ రేకుల గది కాసేపు దద్దరిల్లింది.

అయినా నాకు ధైర్యం చిక్కలేదు. నవ్వు వేరు, నౌకరీ వేరు. ఆదివారమంతా పెట్టె సర్దుకుంటూనే గడిపాను. సోమవారం పొద్దున ట్రాక్టరు వచ్చింది, దాని మీద కుర్చీ. హెడ్డు మాస్టారు, "సభ పెడుతున్నారు మేడమ్, మన మీదే" అని నీరసంగా గోడకి ఆనుకున్నాడు. ట్రాక్టరు వెనకే వడ్రంగి దిగాడు. బోర్డుని కిటికీ ఎదుటి గోడ నుంచి పక్క గోడకి మార్చి, బెంచీలు అటు తిప్పించాడు. టేకు కుర్చీని తీసుకెళ్ళి ఆఖరి బెంచీ పక్కన వేశారు. ప్రెసిడెంటు గారు దానిలో కూర్చుని, కళ్ళు చికిలించి బోర్డు చూసి, "ఆఁ, ఇప్పుడు పర్లేదు" అన్నారు. వెళ్ళేటప్పుడు హెడ్డు మాస్టారితో, "ఆ అమ్మాయిని ఉండమనండి మాస్టారూ. తను వెళ్ళిపోతే మా ఇంట్లో మళ్ళీ నేనే కర్మని అవుతాను" అని నవ్వుతూ ట్రాక్టరెక్కారు. ఉతికిన కండువా మాత్రం మర్చిపోకుండా నా దగ్గర తీసుకున్నారు.

ఆ సాయంత్రం నాయినకి ఫోను చేశాను. "నాయినా, మళ్ల తిరిగింది."

"ఏంది, గోడ గడియారమా?"

"కాదు. వాక్యం."

అవతల, గడియారాల టిక్కుటిక్కు మధ్య, భూతద్దం తీసి బల్ల మీద పెట్టిన చప్పుడైంది. తర్వాత, "మంచిదే బిడ్డా. ఇగ నీ చిన్నాయనకు నేను చెప్పుకుంటలే" అన్నాడు. ఆ గొంతులో ఉన్న సంతోషం దాచుకోవడం ఆయనకి చేతకాలేదు, ఇప్పటికీ చేతకాదు.

ఇప్పుడు నేను రాయచూరులోనే ఒక కాలేజీలో పాఠాలు చెబుతున్నాను. మొన్న ఆ బడివాళ్ళు పిలిస్తే వెళ్ళాను. గంట అక్కడే టీచరు. గొంతు ఏమీ తగ్గలేదు. ప్రెసిడెంటు గారు లేరు. కుర్చీ ఉంది, దానిలో మామ్మ గారు ఉన్నారు. ఆవిడ లేచి నన్ను బలవంతంగా అందులో కూర్చోబెట్టారు. మెళ్ళో దండ, పక్కన పూలగుత్తి, ముందు వరస నడిమధ్య. ఆ టేకు చేతులు పట్టుకుని కూర్చుంటే మనిషికి లోపల కాస్త వెడల్పయినట్టు అనిపిస్తుంది. నాకూ అనిపించింది. ఇంతలో గంట పాఠం మొదలుపెట్టింది. ఏ పాఠమో మీకు చెప్పక్కర్లేదు. ఎవరో పిల్లాడు నన్నే కర్మగా పెట్టి వాక్యం చెప్పాడు. నా మెళ్ళో 'ని' పడింది, తర్వాత 'మీద' పడింది, ఆ తర్వాత అదీ ఊడింది. "మేడమ్, మీరు వెళ్ళి వెనక బెంచీలో కూర్చోండి" అంది గంట, నా వైపు చూడనైనా చూడకుండా.

ముఖ్య అతిథిని కదా! నిజం చెప్పొద్దూ, చురుక్కుమంది. ఆ రోజు ఆ పెద్దాయన ఒక్క మాట కూడా అనకుండా గది పొడుగునా నడిచి వెళ్ళడం ఎంత కష్టమో, చేతిలో సుద్దగుడ్డ పట్టుకుని మిడిసిపడుతున్న నాకు అప్పుడేం తెలుసు! దండ సర్దుకుని, నవ్వుకుంటూ వెళ్ళి ఆఖరి బెంచీలో పిల్లల మధ్య ఇరుక్కుని కూర్చున్నాను. తలెత్తి చూస్తే బోర్డు మీద ప్రతి అక్షరం కనిపించింది.