రావుగారమ్మాయి ఇంటిపేరు

ఆ రోజుల్లో మా భిలాయిలో 'రావు' అనేదే ఇంటిపేరని నేను అనుకునేదాన్ని. అనుకోక ఏం చేస్తాను? మా వీధిలో ఐదుగురు రావులుండేవారు. స్టీలు ప్లాంటు కోక్ ఓవెన్లో పనిచేసే ఆయన కోక్ ఓవెన్ రావు, తాటిచెట్టంత మనిషి లంబా రావు, ఎవరికి తుమ్మొచ్చినా తెల్ల గోళీలు పంచే ఆయన హోమియో రావు, ఎవరితోనూ మాట్లాడని ఆయన (ఏ పేరూ పెట్టడానికి వీలివ్వలేదు పాపం) ఉత్త రావు, మా నాన్న స్కూటర్ రావు. నాన్న స్కూటరెక్కి వెళ్ళిన రోజులకంటే దాన్ని తోసుకుంటూ వచ్చిన రోజులే ఎక్కువ, అయినా పేరు మాత్రం నిలిచిపోయింది. పోస్ట్‌మాన్ వీధి మొదట్లో నిలబడి "కౌన్ సా రావ్?" అని విసుక్కుంటుంటే ఐదు తలుపులూ ఒక్కసారే తెరుచుకునేవి. బళ్ళో శర్మాలు, సాహూలు, దేవాంగన్‌ల పక్కన నాకూ పేరు చివర ఒక రావు ఉంది కదా అని నిశ్చింతగా ఉన్నాను. మన వైపు వాళ్ళకి పేరుకి ముందు ఇంకో పేరుంటుందని, ఎవరికెవరు ఏమవుతారో దాన్ని బట్టి తేలుస్తారని ఇరవయ్యేళ్ళు వచ్చినా నాకు తెలియదు. తెలియనప్పుడు తెలియదని చెప్పి నోరు మూసుకునే రకాన్నైతే ఈ గొడవే లేకపోను.

మా అన్నయ్య అప్పటికి ప్లాంటులో ఇంజనీరుగా చేరి రెండేళ్ళు. సుపేలా దగ్గర షేర్ ఆటో ఎక్కే ఒక స్మృతి నగర్ అమ్మాయి మీద మనసు పడ్డాడు. ఆమె కోసం ఆటోలో చోటు ఆపి ఆపి, ఆటోవాడి చేత తిట్లు తిని తిని, చివరికి ఆమె చేత కూడా ఊ అనిపించుకున్నాడు. వాళ్ళూ మన తెలుగువాళ్ళే, అక్కడా నాన్నగారు ఒక రావే. ఆయనకి అభ్యంతరం లేదు గానీ, వాళ్ళ అమ్మగారు, అంటే ఆ అమ్మాయి మామ్మ, శ్రీకాకుళం వైపు నుంచి వచ్చి ఉంది. ఆవిడ ఊ అంటేనే పెళ్ళి. ఆవిడ శ్రావణ పున్నమి దాటగానే ఊరెళ్ళిపోతుంది. అంచేత పున్నమికి ముందు శుక్రవారం పేరంటానికి మా అమ్మని పిలిచి, ఆవిడకి ముందు మా వాళ్ళు నచ్చాక అప్పుడు మెల్లగా సంగతి చెవిన వెయ్యాలని వాళ్ళ ఏర్పాటు. అమ్మకి సరిగ్గా ఆ రోజే జ్వరం తగిలింది. ఇక మిగిలింది నేను. అన్నయ్య నా ముందు చేతులు జోడించినంత పని చేశాడు. "చూడవే, నువ్వెళ్ళు, పసుపు రాయించుకో, శనగలు పట్టుకో, వచ్చీ. ప్లీజ్ యార్, మాట్లాడకు." నేను మాట్లాడకుండా ఉండడమేమిటి, వాడి అమాయకత్వం కాకపోతే!

వెళ్ళేసరికి మామ్మగారు పీట మీద కూర్చుని వచ్చినవాళ్ళందరినీ కళ్ళతోనే తూకం వేస్తోంది. నన్ను చూసి, "ఎవులమ్మాయివే గుంటా?" అంది.

"రావుగారమ్మాయినండి."

"ఈ ఊర్లో కుక్కని అదిలిస్తే రావు మీద పడతాది. ఇంటిపేరేటి?"

రావు కాకుండా ఇంకోటుంటుందని నాకు అప్పుడే తెలిసింది. పదిమంది ఆడవాళ్ళూ నా వైపే చూస్తున్నారు. ఇంటిపేరు తెలీదంటే పెంపకం లేని పిల్ల అంటారు, ఆ మాట అన్నయ్య నెత్తి మీద పడుతుంది. తల దించుకున్నాను. చేతిలో స్టీలు గ్లాసు, అందులో మజ్జిగ, గ్లాసు మీద చుక్కలు చుక్కలుగా చెక్కిన అక్షరాలు. నాకు తెలుగు కూడబలుక్కుని చదవడం వచ్చు (అమ్మ వేసవి సెలవుల్లో నెత్తి మీద మొట్టి నేర్పిన విద్య). 'కోరాడ' అని ఉంది. చక్కటి పేరు, మూడే అక్షరాలు. మా ఇంట్లో ఒక్క గ్లాసు మీదా మా పేరుండదు, అన్నీ గృహప్రవేశానికి చదివించినవాళ్ళ పేర్లే. ఇదీ ఎవరో చదివించిందే అయి ఉంటుందని మనసులో లెక్కేసుకుని, తలెత్తి, "కోరాడండి" అన్నాను.

మామ్మగారు పీట మీంచి ఒక్క ఉదుటున లేచింది. "ఓలమ్మ! మనోళ్ళేనే! ఇన్నాళ్ళూ ఎక్కడున్నారే తల్లీ!" అని నన్ను కౌగిట్లోకి లాక్కుంది. సంతర్పణలకి పంపిన గ్లాసులు తిరిగి రావడం లేదని ఆవిడే పట్టుబట్టి వాటన్నిటి మీదా తన ఇంటిపేరు చెక్కించిందని నాకేం తెలుసు? వంటింటి గుమ్మంలో ఆ అమ్మాయి చేతిలోంచి గరిటె కింద పడింది. నాకు పెట్టబోతున్న పసుపు గిన్నె పట్టుకుని వాళ్ళమ్మగారు అలాగే ఉండిపోయారు. సంతోషం పట్టలేక అనుకున్నాను. "అన్నదమ్ములున్నారేటి?" అని మామ్మగారు అడిగితే, ఇదే అదనని అన్నయ్య చదువు, ఉద్యోగం, సిగరెట్టు ముట్టని గుణం (ఆ ఒక్కటి అబద్ధం) అన్నీ ఏకరువు పెట్టాను. ఆవిడ కళ్ళనీళ్ళు పెట్టుకుని, "మా గుంటకి తోడబుట్టినోడు లేడని నాకు దిగులుగుండేది" అంది. అందరికీ గుప్పెడు శనగలు, నాకు సంచీడు. ఇంటికొచ్చి అన్నయ్యతో, "పని అయిపోయింది, మిఠాయి తినిపించు" అన్నాను. ఇంటిపేరు సంగతి మాత్రం చెప్పలేదు. చెప్పాల్సినంత పెద్ద విషయంలా నాకు తోచలేదు మరి.

ఆ అమ్మాయి ఫోను చేసి చెప్పొచ్చు కదా అని మీరనుకోవచ్చు. వాళ్ళింట్లో ఫోను మామ్మగారి మంచం పక్కనే ఉండేది. అన్నయ్యకేమో ఆ వారం రెండో షిఫ్టు, ఆటోలో కలిసే వీల్లేదు. వాడు మూడు రోజులూ ఈలలు వేసుకుంటూ తిరిగాడు.

పున్నమి నాడు పొద్దున్నే మా ఇంటి ముందు ఆటో ఆగింది. మామ్మగారు, వెనకాల పళ్ళెం పట్టుకుని ఆ అమ్మాయి. అన్నయ్య కొత్త చొక్కా తొడుక్కుని పరుగున తలుపు తీశాడు. పళ్ళెంలో కుంకుమ, పేడాలు, వాటి మధ్య ఎర్రటి దూదిపువ్వు కుట్టిన రాఖీ. ఆ అమ్మాయికి ఏడ్చి ఏడ్చి కళ్ళు ఉబ్బిపోయి ఉన్నాయి.

"ఇలా రా నాయినా, చెయ్యి చాపు. ఈ ఊరోళ్ళు కడతారంట గదా, మన పిల్ల కూడా కడతాది" అంది మామ్మగారు. అన్నయ్య రెండు చేతులూ వీపు వెనక్కి పెట్టుకుని గోడకి అతుక్కుపోయాడు. ప్లాంటులో కరిగిన ఇనుము పక్కన బెదరకుండా నిలబడే మనిషి, ఒక దారప్పోగుని చూసి వణికిపోయాడు.

అమ్మ జ్వరం నీరసంతోనే గదిలోంచి వచ్చింది. "ఇదేటండీ, మా వాడికి రాఖీ ఏటి?"

"మరేటమ్మా, మీరూ కోరాడోరు, మేవూ కోరాడోరం. ఒకే ఇంటిపేరోళ్ళు అన్నాచెల్లెళ్ళు కారేటి?"

"మేం కోరాడోళ్ళమని ఎవులు చెప్పినారు?"

అందరూ నా వైపు తిరిగారు. అబద్ధం మీద ఇంకో అబద్ధం వెయ్యడానికి నోరు తెరిచాను, ఆ అమ్మాయి కళ్ళు చూసి రాలేదు. "గ్లాసు మీద చదివానండి" అన్నాను. "నాకు మా ఇంటిపేరు తెలీదు. నాకెవరూ చెప్పలేదు." అన్నయ్య నన్ను కొట్టడానికి వచ్చేవాడే గానీ, చేతులు ముందుకు తెస్తే రాఖీ పడుతుందని భయం.

అప్పుడొచ్చాడు నాన్న, సగం గెడ్డం గీసుకుని, రెండో చెంప నిండా నురగతో. చాలాసేపు తువ్వాలు మడత పెట్టాడు. "మాది ఈగల అండి" అన్నాడు, ఏదో నేరం ఒప్పుకుంటున్నట్టు. కొత్తగా ఈ ఊరొచ్చినప్పుడు ఆయన ఇంటిపేరు చెబితే, తోటి తెలుగువాడొకడు దాన్ని హిందీలోకి మార్చి హాస్టలంతా చాటాడట. ఆర్నెల్లు నాన్నని అందరూ 'మక్ఖీ' అని పిలిచారు, కనిపిస్తే ముక్కు మీద ఈగ వాలినట్టు చేత్తో తోలారు. పర్మనెంటు ఉద్యోగం కాగితాల్లో ఇంటిపేరు దగ్గరికి వచ్చేసరికి ఆయన రావు అని రాసి గట్టెక్కాడు. "పిల్లలకి ఆ మాట పడకూడదని చెప్పలేదు" అన్నాడు నేల చూస్తూ. మా నాన్నకి సిగ్గుపడడం వచ్చని ఆ రోజే తెలిసింది. అప్పటికప్పుడు వెళ్ళి ఆయన చెయ్యి పట్టుకోవాలనిపించింది. పట్టుకోలేదు, నురగ అంటుతుందని కాదు, నా మీద అందరికీ ఉన్న కోపం వల్ల.

మామ్మగారు ఆయన్ని ఎగాదిగా చూసి, "ఈగలైతే ఏటయ్యా? బెల్లం ఉన్న ఇంటికే ఈగలొస్తాయి" అంది. "మా పెద్దత్త పుట్టిల్లు ఈగలోరే. మీ ఇళ్ళకి మా పిల్లల్ని ఇచ్చుకోవచ్చు." అప్పటికి గానీ ఆవిడకి గోడకి అతుక్కున్న అన్నయ్యా, పళ్ళెం వెనకాల వణుకుతున్న మనవరాలూ కలిపి కనపడలేదు. ఇద్దర్నీ చెరో నిమిషం చూసింది. "ఓలమ్మ, అదా సంగతి! ముందే చెప్పీవచ్చు కదే, బేగి తేలిపోను!" అని నవ్విందో లేదో, ఆ అమ్మాయి పళ్ళెంతో సహా కూలబడి వెక్కి వెక్కి ఏడ్చింది. తెచ్చిన రాఖీ వెనక్కి తీసుకెళ్ళకూడదని మామ్మగారు దాన్ని నా మణికట్టుకి కట్టేసింది. "నోటికి కట్టాల, చేతికి కడతన్నాను" అంటూ.

పెళ్ళిలో పురోహితుడు మైకులో మా తాతల్ని మూడు తరాల దాకా పేరు పేరునా పిలిచి, ప్రతి పేరు ముందూ 'ఈగల' అని చదివాడు. మక్ఖీ అన్న ఆ తోటి తెలుగువాడు రెండో వరసలో కూర్చుని లడ్డూ తింటున్నాడు. నాన్న తలెత్తి ఆయన వైపు చూశాడు, దించలేదు. ఆ తర్వాత నేను నా పుస్తకాలన్నిటి మీదా రావు కొట్టేసి, పేరు ముందు ఈగల అని పెద్ద పెద్ద అక్షరాలతో రాసుకున్నాను. ఎవరడిగినా, అడక్కపోయినా చెప్పాను. కూరలమ్మే దీదీకి కూడా చెప్పాను.

సరిగ్గా ఏడాదిన్నరకి నాకు పెళ్ళి చేసేశారు. ఇప్పుడు పేరంటాల్లో ఎవరైనా ఇంటిపేరడిగితే మా ఆయనది చెప్పాలి, చెబుతాను కూడా. కానీ చెప్పేముందు ఒక్క క్షణం ఆగుతాను. నాకు తెలియదేమోనని అడిగినవాళ్ళు జాలిగా చూస్తారు. నాకు తెలుసు. ఏడాదిన్నర పాటు అది నాదే.