తూములు ఇడ్శిపెట్టిన రోజు

ఆ రోజుల్లో మా బొంబాయి కామాటిపుర కుర్రాళ్లకు రాని భాష లేదని నా గట్టి నమ్మకం. కిరాణా కొట్లో హిందీ, బడిలో మరాఠీ, ఇంట్లో ఆ రెండింటినీ కలిపి కొట్టిన తెలుగు. అదే అసలు తెలుగనుకుని ఇరవై రెండేళ్లు హాయిగా బతికాను. అమ్మకు వరసకు మేనల్లుడయ్యే ఒకడు పాలమూరు నుంచి దిగేదాకా నా తెలుగుకెవరూ తప్పు పట్టలేదు. మేముండే ఇరుకు గదుల చాల్‌లో అందరూ వాణ్ని పాలమూరోడు అనేవారు. నేను పనిచేసే మేస్త్రీ దగ్గరే చేరి, మూడు నెలల్లోనే వాడు ఆయనకు ముద్దుబిడ్డ అయ్యాడు. అమ్మ అయితే వాడి పళ్లెంలో రెండు ముక్కలు ఎక్కువేసి, "పిలగాడు ఎంత మంచిగ మాట్లాడుతడో సూడు. నీదంత ఖిచిడీ," అనేది. (ఆ రెండు ముక్కలూ నా వాటావే.) నాకు కడుపు మండిపోయేది.

ఆ ఏడు వానలకు ముందు వర్లీలో, సముద్రానికి ఎదురుగా ఉన్న ఒక సేఠ్ ఇంట్లో పని తగిలింది. బాల్కనీకి పక్కకు జరిగే పెద్ద అద్దాల తలుపు. దాని చుట్టూ ఉన్న సందుల్లోంచి జల్లు హాల్లోకి కొడుతోందని సేఠానీ గోల. రబ్బరు పట్టీలు తొడిగి, గొట్టంలోంచి పిండే మెత్తటి ముద్దతో ఆ సందులు మూసేయాలి. మేస్త్రీ తలుపు నాకు, కిటికీలు పాలమూరోడికి అప్పజెప్పి, "ఎవడు సాఫ్‌గ జేస్తె వాణ్ని కారీగర్ జేస్త," అన్నాడు. కారీగర్ అంటే సామాను మోసేవాడు కాదు, పూర్తి పనివాడు; మూడేళ్లుగా నేను ఎదురుచూస్తున్న మాట అది. వెళ్తూ వెళ్తూ, "సందులన్ని ముయ్యి. కింద తూములు మాత్రం ఇడ్శిపెట్టు," అన్నాడు.

తూములంటే ఏమిటో నాకు తెలియదు. అడుగుదామని నోరు తెరిచాను. పక్కనే పాలమూరోడు, అంతా తెలిసినవాడిలా తలూపుతున్నాడు. నోరు మూసుకున్నాను. తుకడాలనే పాలమూరు తెలుగులో తూములంటారు కాబోలని నాకు నేనే అర్థం చెప్పుకున్నాను. కింద పడ్డ రబ్బరు ముక్కలు పారేయకుండా ఉంచాలన్నమాట. ఇక పనిలోకి దిగాను. వాడి కిటికీ వైపు చూసినప్పుడల్లా అసూయతో ఇంకొంచెం ముద్ద పిండాను. తలుపు జరిగే పట్టాలో, బయటివైపున, వేలు దూరేంత కంతలు మూడు కనబడితే (ఎవరో మరిచిపోయినవనుకుని) వాటినీ నున్నగా మూసేశాను.

మధ్యాహ్నం మేస్త్రీ వచ్చి బాల్కనీలోంచి తలుపు మీద బాల్దీడు నీళ్లు కొట్టాడు. పక్కల నుంచి చుక్క రాలేదు. నేను పాలమూరోడి వైపు చూసి మీసం సవరించుకున్నాను. రెండో బాల్దీకి పట్టా నిండింది. మూడో బాల్దీకి ఆ నీళ్లు, బయటికి దారి లేక, తిన్నగా సేఠానీ తివాచీ మీదికి నడిచొచ్చాయి.

"తూములేవిరా?" అన్నాడు మేస్త్రీ.

"అగో, ఇడ్శిపెట్టిన గద," అని పాత పేపరు మీద ముచ్చటగా పేర్చిన రబ్బరు ముక్కల కుప్పను చూపించాను.

మేస్త్రీ నవ్వలేదు. తెలుగు రాని సేఠానీ ఎలాగూ నవ్వలేదు. పాలమూరోడు మేకు తీసుకుని మూడు కంతలూ పొడిచాడు, నీళ్లు బుద్ధిగా బయటికి పోయాయి. తర్వాత వాడు నా చెవిలో, "నీళ్లు పోయే కంతను తూమంటరు బావా. నన్నడిగితె జెప్తుంటి గద," అన్నాడు. ఆ మెత్తదనానికి నాకు ఒళ్లు ఇంకా మండింది.

సోమవారం నుంచి వాడు కారీగర్. ఇంకో రెండేళ్లు వాడి వెనక సామాను మోశాను, పైకి ఉస్తాద్ అంటూ, లోపల పళ్లు నూరుతూ. వాడు ఆ సంగతి చాల్‌లో ఒక్కరికీ చెప్పలేదు. చెప్పి ఉంటే హాయిగా పోట్లాడేవాణ్ని.

ఇప్పుడు నేనూ మేస్త్రీనే. కుర్రాళ్లకు పని చెప్పాక ఒక్కొక్కణ్నీ చాటుకు పిలిచి, అర్థమైందా అని మళ్లీ అడుగుతాను. అందరి ముందే అడగొచ్చు కదా అని మా ఆవిడ నవ్వుతుంది. అర్థం కాలేదని అందరి ముందు ఎవడు ఒప్పుకుంటాడు? ప్రతివాడి పక్కనా ఒక పాలమూరోడు నిలబడి ఉంటాడు.