బతికున్న మనిషి ఉద్యోగం

మా నాయన కోయిలకుంట్లలో ఒక సర్కారు ఆఫీసులో అటెండరు. రిటైరు కావడానికి మూడు నెలలుందనగా గుండెపోటు వస్తే కర్నూలు తీసుకెళ్లి ఆసుపత్రిలో చేర్చాం. రెండు రోజులు గడిస్తే గానీ ఏమీ చెప్పలేమన్నారు డాక్టర్లు. అమ్మ బైబిలు ఒళ్లో పెట్టుకుని గోడకు ఆనుకుని కూర్చుంది. మా ఇంట్లో ఆ రెండు రోజులూ ప్రార్థన చేసింది ఆమె ఒక్కతే.

మిగతావాళ్లం ఇంకో లెక్కలో ఉన్నాం. సర్వీసులో ఉండగా మనిషి పోతే ఇంట్లో ఒకరికి ఉద్యోగం ఇస్తారు. రిటైరయ్యాక పోతే ఏమీ లేదు. ఈ సంగతి ఎవరూ ఎవరికీ చెప్పలేదు గానీ అందరికీ తెలుసు. మా అన్న ఆటో తోలుతాడు. తమ్ముడు డిగ్రీ చేసి ఏళ్ల తరబడి పరీక్షలు రాస్తూనే ఉన్నాడు. వాళ్లిద్దరి మధ్య ఆడపిల్లను నేను, పెళ్లై పత్తికొండకు పోయినదాన్ని.

మొదలుపెట్టింది అన్నే. వరండాలో టీ తాగుతూ, "రేప్పొద్దున ఏమన్నా అయితే, పెద్దోన్ని నేనే కదప్పా," అన్నాడు.

"పెద్దోనివైతే? డిగ్రీ ఉండేది నాకు," అన్నాడు తమ్ముడు. "నువ్వు పోతే మళ్లా అటెండరే. బెల్లు కొడితే ఉరకాల."

"నాకు ఇద్దరు పిల్లోళ్లు ఉండారు. నీకేముండాది, ఒంటికాయ శొంఠికొమ్ము!"

గొంతులు లేచాయి. పక్క బెంచీ మీద ఒక పెద్దాయన ఉన్నాడు, ఆయన భార్య కూడా లోపలే ఉంది. తింటున్న అన్నం పొట్లం పక్కన పెట్టి వచ్చి, తమ్ముడి భుజమ్మీద చెయ్యేశాడు. "ఉద్యోగం కోసరం అన్నదమ్ములు కొట్లాడుకోవాకండప్పా. మీ నాయన పోయి ఎన్నాళ్లయింది?"

"ఇంకా పోలేదు," అన్నాడు అన్న.

పెద్దాయన చెయ్యి తీసేశాడు. పొట్లం తీసుకుని వరండా ఆ చివరికి పోయి కూర్చున్నాడు. నాకు తల కొట్టేసినట్లయింది. "థూ! ఆలూ లేదు చూలూ లేదు, కొడుకు పేరు సోమలింగమంట! సిగ్గుండాదా మీకు?" అని ఇద్దర్నీ కడిగేశాను. నా నోటి సంగతి మా ఊరందరికీ తెలుసు, ఆ రోజు ఆసుపత్రికీ తెలిసింది.

అక్కడితో ఆగి ఉంటే నేను ఈరోజు తలెత్తుకుని తిరిగేదాన్ని. తర్వాత నాయనను వార్డుకు మార్చారు, ఇంకా గండం గడవలేదన్నారు. కళ్లు మూసుకునే ఉన్నాడు. మంచం చుట్టూ ముగ్గురం కూర్చున్నాం. వాళ్లిద్దరూ మళ్లీ గుసగుసగా మొదలుపెట్టారు. అంతకుముందే పత్తికొండ నుంచి మా ఆయన ఫోన్ చేసి ఒక మాట చెప్పాడు. అప్పుడే నాలుగు తిట్టి పెట్టేయాల్సింది, పెట్టేయలేదు. నా నోట్లో నువ్వుగింజ నానదు కదా.

"పెండ్లైన కూతురికి కూడా ఇస్తారంట," అన్నాను.

అన్న నవ్వాడు. "మరి మమ్మల్ని సిగ్గుండాదా అంటివే?"

నాయన బతికాడు. ఆ మూడు నెలలూ గడిచి రిటైరయ్యాడు. ఆఫీసువాళ్లు శాలువా కప్పి, దండ వేసి పంపారు. అన్న ఆటోలోనే ఇంటికి తీసుకొచ్చాం.

ఆ ఆదివారం చర్చిలో పాస్టరుగారు నాయనను సాక్ష్యం చెప్పమన్నారు. జబ్బు నయమైనవాళ్లు అందరి ముందూ లేచి దేవుడు చేసిన మేలు చెప్పుకోవడం మాలో అలవాటు. నాయన బెంచీ పట్టుకుని లేచాడు.

"నా బిడ్డలు ముగ్గురూ నా మంచం ఇడిసిపెట్టలేదు. రేయింబగళ్లు ప్రార్థన చేసినారు. ఆ ప్రార్థనే నన్ను లేపింది," అన్నాడు.

సంఘమంతా ఆమెన్ అంది. అమ్మ అనలేదు. మేం ముగ్గురం అన్నాం, అనకుంటే ఎట్లా? లోపల మాత్రం, హమ్మయ్య, నాయన ఏమీ వినలేదు అనుకున్నాను. ప్రాణం లేచొచ్చింది.

బయట చెప్పులు వేసుకోవడానికి నాయన నా భుజం పట్టుకున్నాడు. ఒకటి వేసుకున్నాడు. రెండోదాని కోసం కాలితో తడుముకుంటూ, నాకొక్కదానికే వినపడేట్టు అడిగాడు.

"పెండ్లైన కూతురికి కూడా ఇస్తారనేది నిజమేనామ్మా? నాకు తెలీదే. మగపిల్లోళ్లకే అనుకుంటి."

వంగి ఆయన కాలికి చెప్పు తొడిగాను. మళ్లీ పైకి లేవడానికి నాకు ముఖం చెల్లలేదు.