చప్పటి చైనా సూపు

నా భార్య చీలమండ మీద బొటనవేలితో నొక్కితే గుంట పడేది. తడిపిన పిండిముద్దలో పడ్డట్టు పడి, అక్కడే ఉండిపోయేది. ఆ గుంట ఎంతసేపటికి పూడుతుందో చూడటం ఆ ఏడాది నా పొద్దుటి పని అయింది. ముఖం కడుక్కోకముందే మంచం చివర కూర్చుని కాలు నొక్కేవాణ్ణి. ఆమె కళ్ళు తెరవకుండానే "ఎట్లుంది బావా?" అని అడిగేది. "నిన్నటి లెక్కనే ఉంది" అనేవాణ్ణి. కొన్ని రోజులు అది నిజం కాదు.

అప్పుడు మేము నాచారం పారిశ్రామికవాడ వెనక గల్లీలో రెండు గదుల ఇంట్లో కిరాయికి ఉండేవాళ్ళం. నేను గోడల రంగులు తయారుచేసే చిన్న యూనిట్‌లో పాళ్ళు కలిపేవాణ్ణి. బడి ఏడో తరగతితోనే ఆగింది. శాతాలు, తూకాలు, ఎంతకు ఎంత అనేవన్నీ డబ్బాల మధ్య సొంతంగా నేర్చుకున్నవే. పెద్ద డ్రమ్ము తెలుపులో గుప్పెడు నలుపు ఎక్కువ పడితే ఏమవుతుందో కళ్ళారా చూసినవాణ్ణి. అందుకే ఆస్పత్రిలో డాక్టరమ్మ చెప్పింది వెంటనే అర్థమైంది.

కిడ్నీలు ఒంట్లోని బలాన్ని, అంటే ప్రొటీన్లను, మూత్రంలోకి వదిలేస్తున్నాయని ఆమె చెప్పింది. "రోజు మొత్తానికి అర టీస్పూను ఉప్పు. అన్నంల, కూరల, అన్నిట్ల కలిపి. నీళ్ళు, చాయ, చారు కలిపి ఒక్క లీటరు. మందులేసుకుంట ఇది పాటిస్తే చూద్దాం. వాపు ఇట్లనే పెరిగితే మాత్రం డయాలసిస్ మిషన్ మీద పెట్టాల్సొస్తది."

ఆ మిషన్‌ను బయటికి వస్తూ చూశాం. గాజు తలుపు అవతల వాలు కుర్చీలో నా భార్య వయసు ఆడమనిషి పడుకుని ఉంది. చేతి నుంచి రెండు ఎర్రటి గొట్టాలు. ఆమె తిరుగుతున్న ఫ్యాను వైపు చూస్తోంది, దాన్నే చూస్తోందని మాత్రం అనిపించలేదు. ఆటో హబ్సిగూడ దాటింది. నా భార్య నా చెయ్యి పట్టుకుని, "నన్ను ఆ కుర్సీల కూసోబెట్టకు బావా" అంది. అలాగే అన్నాను. ఏ లెక్క మీద అన్నానో నాకే తెలియదు.

ఉప్పు తగ్గించడం కష్టం కాదనుకున్నాను. కష్టమల్లా ఆమె తినడం మానేయడం. మా వంట కారం మీద నడుస్తుంది. కారం ఉన్నచోట ఉప్పు లేకపోతే నోట్లో మంట తప్ప ఏమీ మిగలదు. పప్పు రెండు ముద్దలు తిని పళ్ళెం జరిపేసేది. తినకపోతే ఒంట్లో బలం తగ్గి వాపు ఇంకా పెరుగుతుందని డాక్టరమ్మ హెచ్చరించింది. కోడిగుడ్డు తెల్లసొన, కొద్దిగా చికెన్ పెట్టమంది. అంటే తినాలి, ఉప్పు లేకుండా తినాలి. రెంటిలో ఏది తప్పినా ఆ కుర్చీ.

ఒక సాయంత్రం తనే అడిగింది. "ఉప్పల్ బండి మీద తాగేటోళ్ళం సూడు, చైనా సూపు. అది తాగబుద్దయితుంది."

ఉప్పల్ రింగురోడ్డు దగ్గర ఆ రోజుల్లో ఎర్ర బోర్డుల నూడుల్స్ బండ్లు వరసగా ఉండేవి. ఆదివారం చికెన్ సూపు ఒకటి తీసుకుని ఇద్దరం పంచుకునేవాళ్ళం. ఆ బండి దగ్గరికి వెళ్ళి, సూపు ఉప్పు లేకుండా ఎట్లా చేయాలని వండే మనిషిని అడిగాను. అతను గరిటె ఆపి నా వైపు చూశాడు.

"ఉప్పు లేకుంటనా? నేను కూడ ఉప్పు ఎయ్యనే అన్నా. గా నల్ల సాసులనే మస్తుంటది. జర నాలికె మీద పెట్టి సూడు."

పెట్టి చూశాను. నాలుక ముడుచుకుపోయింది.

"సాసు కూడ వద్దు. అది లేకుండ చెప్పు."

"సాసు లేకుండ, ఉప్పు లేకుండ! ఇంకేముంటది, వేడినీళ్ళు. అన్నా, నువ్వు పథ్యం చేస్తున్నవా, నా బండి మూయిస్తున్నవా?" అని పక్క బండివాళ్ళకు వినిపించేలా నవ్వాడు. ఎవరికోసమో చెప్పాక నవ్వు ఆపాడు. "అల్లం, ఎల్లిపాయ జరంత ఎక్కువెయ్యి. మిరియాల పొడి, ఆఖర్ల సిర్క. పులుపుంటే ఉప్పు గుర్తుకురాదు."

మరుసటి రోజు పొయ్యి దగ్గర నిలబడ్డాను. ఎముక లేని చికెన్ చిన్న ముక్కలుగా కోసి, కొలిచిన నీళ్ళలో వేసి సన్న మంట మీద పెట్టాను. పైకి తేలిన నురగ తీశాను. క్యాబేజీ, బీన్సు, కొంచెం క్యారెట్ అగ్గిపుల్లల్లా తరిగి, అల్లం, వెల్లుల్లితో పాటు వేశాను. కార్న్‌ఫ్లోర్ చన్నీళ్ళలో కలిపి పోసి తిప్పితే సూపు చిక్కబడింది. తెల్లసొన గిలకొట్టి సన్న ధారగా వదిలితే దారాల్లా విచ్చుకుంది. దించాక మిరియాల పొడి, ఒక చెంచా సిర్క, అంటే వెనిగర్, పైన ఉల్లికాడలు. చూడటానికి అచ్చం బండి మీది సూపే. ఆమె చెంచా నోట్లో పెట్టుకుంది, మింగింది. "మంచిగుంది" అంది, సగం గిన్నెలోనే వదిలేసింది.

అలా సగం సగమే తాగుతూ కొన్ని రోజులు గడిచాయి. అప్పుడు మా అత్తమ్మ వచ్చింది. ఆమె మా నాయన చెల్లెలే, నాకు మేనత్త. అందుకే అల్లుడని చూడకుండా నన్ను 'ఏరా' అంటుంది. భువనగిరి అవతల నుంచి మూట పట్టుకుని దిగి, కూతురి కాళ్ళు చూసి ముఖం పక్కకు తిప్పుకుంది. తర్వాత వంటగదిలోకి వచ్చింది.

"మొగోనివి, నువ్వు వండుడేందిరా? జరుగు."

"లేదత్తమ్మా, దీనికి లెక్కుంది. నేనే చెయ్యాలె."

"లెక్కంట! కోడిని గూడ లెక్కవెట్టి వండుతడు. సరే, ముక్కలన్న కడిగిస్త తే. నీ కడుగుడు నేను సూసిన. నల్లా కింద పట్టి తీస్తవ్."

ఇచ్చేశాను. నేను కూరగాయలు తరుగుతుంటే ఆమె పెరట్లో నల్లా దగ్గర చికెన్ కడిగి తెచ్చేది. ఆ రోజు నుంచి సూపు గిన్నె ఖాళీ కావడం మొదలైంది. నా భార్య గిన్నె వంచి అడుగున ఉన్నది కూడా తాగింది. "ఇయ్యాల కుదిరింది బావా" అంది. సిర్క పాళ్ళు సరిగ్గా కుదిరాయని నేను మురిసిపోయాను.

ఒక వారం ఆ సంతోషంలో ఉన్నాం. తర్వాత ఒక పొద్దున కాలు నొక్కాను. గుంట లోతుగా పడింది. నేను వేలు తీసి, మళ్ళీ చూసి, దుప్పటి కప్పినా అది అట్లాగే ఉంది. ఆమె లేచి అద్దం ముందు నిలబడితే కళ్ళ కింద కూడా ఉబ్బింది. ఆమె అద్దంలో నన్ను చూసింది. ఎట్లుందని అడగలేదు.

నా చేతిలో ఏ అంకె తప్పిందో తెలియలేదు. ఉప్పు నేను కొలిచి అన్నంలోకే ఇస్తున్నాను. సూపులో వేయడం లేదు. నీళ్ళు నేనే కొలుస్తున్నాను. దొంగతనంగా ఏమైనా తింటోందా అని కూడా అనుకున్నాను. తలగడ కింద పచ్చడి ఉందేమోనని, ఆమె స్నానానికి వెళ్ళినప్పుడు ఎత్తి చూశాను. ఏమీ లేదు. లెక్క సరిగ్గా ఉండి కూడా వాపు పెరుగుతోందంటే, ఇక లెక్కకు అందని దశ వచ్చిందన్నమాట. యూనిట్‌లో రంగు కలుపుతూ కూడా ఆ ఎర్ర గొట్టాలే కళ్ళ ముందుండేవి. డాక్టరమ్మ దగ్గరికి వెళ్ళే రోజు దగ్గరకొస్తోంది. ముందే వెళ్దామనడానికి ఇద్దరికీ నోరు రాలేదు.

ఆ మధ్యలో అత్తమ్మ ఘట్‌కేసర్‌లో చుట్టాలింట్లో పసిబిడ్డ తొట్టెల వేడుక ఉందని పొద్దున్నే వెళ్ళింది. ఆ రోజు చికెన్ నేనే కడుక్కున్నాను. సూపు ఎప్పటిలాగే చేసి ఇచ్చాను. నా భార్య ఒక చెంచా తాగి ఆగింది.

"ఇయ్యాల ఏం మర్సిపోయినవ్?"

"ఏం మర్సిపోలే."

"మర్సిపోయినవ్. మల్ల మొదటి లెక్కనే సప్పగైంది."

ఒక్కొక్కటే గుర్తుచేసుకున్నాను. అదే గిన్నె, అవే నీళ్ళు, అదే సిర్క. మారింది ఒక్కటే, కడిగిన చేతులు.

సాయంత్రం అత్తమ్మ వచ్చి కాళ్ళు కడుక్కుంటుంటే పక్కన నిలబడ్డాను. "అత్తమ్మా, నువ్వు కోడిని ఎట్ల కడుగుతవ్?"

"ఎట్ల కడుగుతరు? అందరు కడిగినట్టే. రెండు పిడికిళ్ళు దొడ్డుప్పు, పసుపు పట్టించి, మంచిగ పిసికి జరసేపు పక్కన పెడ్త. లేకుంటే నీసు పోతదా?" ఆ రోజుల్లో కోళ్ళకు రోగం వచ్చిందని టీవీల్లో రోజూ చెప్పేవారు. మా గల్లీలో చాలామంది చికెన్ కొనడమే మానేశారు. ఆమె దాన్నే గుర్తుచేసింది. "ఊళ్ళె అయితే ఒక్క పిడికెడే. ఈడ రోగమంటున్నరని ఇంకో పిడికెడెక్కువ. ఉప్పుల ఏ రోగమైన సస్తది. బిడ్డ తాగేది కదా."

అదంతా ఎంతో శ్రద్ధగా చెప్పింది. వెనక గుమ్మంలో నా భార్య వచ్చి నిలబడింది. 'చెప్పకు' అన్నట్టు నా వైపు చూసి తల అడ్డంగా ఊపింది. తల్లి కోసం అట్లా అడిగిందని తెలుసు. కానీ చెప్పకపోతే రేపు మళ్ళీ రెండు పిడికిళ్ళు.

"ఆ ఉప్పు ముక్కలల్లకు దిగుతదత్తమ్మా. పైన కడిగితే పోదు. ఉడికినంక సూప్లకొస్తది."

"నేను సూప్ల ఎయ్యలే కదరా? కడిగిన, గంతే."

"కడిగిందే సాలు."

ఆమె కూతురి ముఖం చూసింది, కాళ్ళు చూసింది. తడి చేతులు చీరకు తుడుచుకుంటూనే ఉంది. "అయితే ఇది నేను తెచ్చిన వాపా?" అంది. నా భార్య, "ఊకోవే అమ్మా, రోగం తెచ్చిందే అది. నువ్వు తెచ్చుడేంది" అంటూ వచ్చి ఆమె భుజం పట్టుకుంది. ఆ రోజు నుంచి అత్తమ్మ వంటగదిలోకి రాలేదు. గుమ్మం బయటే కూర్చునేది. మంచినీళ్ళు కావాలన్నా నన్నే అడిగేది.

నాకు ఒకవైపు ఊపిరి వచ్చింది. తప్పిన అంకె దొరికింది కదా. మరోవైపు కొత్త భయం. ఆ చప్పటి సూపు ఆమె మళ్ళీ సగమే తాగితే? ఆలోచించి, అన్నంలో వేసే ఉప్పును ఆపేశాను. రోజుకు ఉన్న అర టీస్పూనులో ఎక్కువ భాగం సూపుకే ఇచ్చాను. అది కూడా ఉడికేటప్పుడు కాదు, గిన్నెలో పోశాక, పైన చల్లి. నాలుకకు మొదట తగిలేది అదే కావాలని. చికెన్‌ను నిమ్మరసం పిండిన నీళ్ళతో కడిగాను. గిన్నె చేతికిచ్చి ఎదురుగా కూర్చున్నాను. ఆమె తాగుతూ, "గట్ల సూడకు బావా, గుటక దిగుతలేదు" అంది. గోడ వైపు తిరిగి కూర్చున్నాను. చెంచా గిన్నెకు తగిలే చప్పుడు చివరిదాకా వినిపించింది.

డాక్టరమ్మ దగ్గరికి ముగ్గురం వెళ్ళాం. ఆమె కాలు నొక్కింది. నేను కాలు చూడలేదు, ఆమె ముఖం చూస్తున్నాను. ముఖంలో ఏమీ లేదు. రిపోర్టు తిప్పింది, వెనక్కి తిప్పి మళ్ళీ చదివింది.

"మధ్యల పెరిగినట్టుంది, మల్ల దిగుతున్నది. ఇప్పుడైతే మిషన్ అక్కర్లేదు."

నా భార్య కళ్ళు మూసుకుంది. అత్తమ్మ మాత్రం ముందుకు వంగి, మేమిద్దరం అడగలేనిది అడిగింది.

"ఇప్పుడైతే అంటే ఎప్పటిదాంకమ్మా?"

"మీరు గిట్ల సూసుకున్నంత కాలం సూద్దాం."

బయటికి వచ్చాక అత్తమ్మ నా పక్కన నడుస్తూ, "అది జవాబు చెప్పుడు కాదురా" అంది. కాదని నాకూ తెలుసు. ఆ ప్రశ్నకు అంకె లేదు.

నాచారంలో ఆటో దిగగానే ఆమె చికెన్ దుకాణం ముందు ఆగింది. కొనేవాళ్ళు ఎవరూ లేరు. "ఎముక లేకుండ ఇయ్యి బిడ్డా, పావుకిలో" అని దుకాణం అతనితో చెప్పి, సంచి తీసుకుని ఇంటికి వచ్చి నేరుగా పెరట్లోకి నడిచింది. నల్లా తిప్పి, నా వైపు చూడకుండానే పిలిచింది.

"ఏరా, నిమ్మకాయ తెచ్చి పిండు. నువ్వు ఈడనే నిలబడు. నా సేతులు సూసుకుంట నిలబడు."

నిలబడ్డాను. ముక్కలు ఆమె వేళ్ళ మధ్య తిరుగుతున్నంతసేపూ రెప్ప వేయకుండా చూశాను.