తెల్లబండ మీద మచ్చ

కోరుట్లలో ఉమారాణి బ్యూటీ పార్లర్ ఒక్క అద్దె గది. అద్దం కింద గోడ పొడవునా తెల్లటి క్వార్ట్జ్ బండ. గది అద్దెకిచ్చిన ఇంటామె భూమవ్వ కొడుకు జీవన్ మస్కట్‌లో వంటగదులకు అలాంటి బండలే బిగిస్తాడు. పోయినసారి సెలవులో వచ్చి దీన్ని తన చేతులతో బిగించి వెళ్లాడు.

"బండకు మచ్చ వడ్డదంటే రూం ఖాళీ చేసుడే, బిడ్డా" అని భూమవ్వ మొదట్లోనే చెప్పింది.

అందుకే ఉమారాణి జుట్టు సాపుచేసే వేడి స్ట్రెయిట్‌నర్‌ను బండకు తగలనిచ్చేది కాదు. పుట్టింటి గుడ్డను మడతలు పెట్టి దాని మీద ఉంచేది. పుట్టిల్లు సిరిసిల్ల. తండ్రి దశరథం అక్కడ సాంచాల మీద, అంటే మరమగ్గాల మీద, బట్ట నేస్తాడు. చిన్నప్పుడు వాళ్లింట్లో పొయ్యి మీది గిన్నె దించాలన్నా, ఇస్త్రీ పెట్టె కింద వేయాలన్నా ఆయన నేసిన నూలుగుడ్డే. మొన్న తెచ్చుకున్న కొత్త ముక్కను కూడా ఆమె అలాగే నమ్మింది.

ఆ రోజు పెళ్లికూతురు మనీషా కుర్చీలో ఉంది. పూలు తెచ్చినవాడు బయట పిలిస్తే ఉమారాణి వేడి స్ట్రెయిట్‌నర్ గుడ్డ మీద పెట్టి వెళ్లింది.

"అక్కా, గుడ్డ కరుగుతున్నదే!" అని మనీషా అరిచింది.

గుడ్డ ముడుచుకుని బండకు అతుక్కుపోయింది. గీకి తీస్తే కింద పసుపుపచ్చని మచ్చ. నిమ్మకాయతో, వంటసోడాతో రుద్దినా పోలేదు. తండ్రికి ఫోన్ చేసింది.

"బాపూ, నువ్విచ్చింది నూలుగుడ్డ కాదా?"

"నూలెక్కడిదే? ఎన్నేండ్లాయె, అంత పాలిస్టరే! సాంచాల నడుమ పెరిగిన పిల్లవు, నీకు గింత తెల్వదా?" అని నవ్వాడు. తర్వాత గొంతు తగ్గించి, "ఏమైంది బిడ్డా?" అన్నాడు.

"ఏం లేదు" అంది.

భూమవ్వ వచ్చి మచ్చ చూసింది. కొడుక్కి వీడియో కాల్ కలిపి ఫోన్ బండ మీద పట్టింది.

"పోదక్కా" అన్నాడు జీవన్. "రాతిపొడిని పట్టుకునే జిగురు కాలింది. గిట్లయితే ఈడ బండ మొత్తం పీకేస్తం."

"పాలిష్ వడితేనన్న పోదా, తమ్మీ?" అని అడిగింది ఉమారాణి.

"మచ్చ లోపటికి దిగింది. కింద సిలికాన్ మ్యాటన్న, చెక్కపీటన్న పెట్టేదుండె."

"ఇగ గా ముచ్చట దేనికిరా" అని భూమవ్వ ఫోన్ కట్ చేసింది. "పండుగకు పిలగాడొస్తడు. ఆలోపల సామాన్లు తీస్కపో బిడ్డా."

ఉమారాణి అద్దం విప్పుతుండగా ఎవరో కొత్త గిరాకీ ఫోన్ చేసింది.

"అక్కా, మా చెల్లె పెండ్లున్నది. నీ పార్లర్ ఎక్కడ?"

ఆమె అద్దాన్ని గోడకు ఆనించి, "రేపు చెప్త" అంది.