పంటి కింద కుంచె

బాబాయి కుంచెను ముందుపళ్ళతోనే పట్టేవాడు. కాళ్ళూ చేతులూ ఆడే రోజుల్లో ఆయన దుకాణాలకు బోర్డులు రాసేవాడు. నిచ్చెన మీద నిలబడి ఒక కుంచెతో రాస్తూ, రెండోదాన్ని ముందుపళ్ళ మధ్య ఇరికించుకునేవాడు. నిచ్చెన జారి మెడ విరిగాక, మెడ కింద శరీరమంతా ఆయన మాట వినడం మానేశాక, ఆ అలవాటే ఆయనకు చెయ్యి అయింది.

నాకు ఆయన పరిచయమైంది ఫిజియోథెరపీ గదిలో. మా పాప కండరాల్లో పుట్టుకతోనే బలం లేదు. తోటిపిల్లలు పరుగులు పెడుతుంటే తనకింకా మెడ నిలబడలేదు. పక్క బల్ల మీద బాబాయికి మెడ వ్యాయామం చేయించేవారు. ఆయన భార్య మొదటిరోజే నా మొహం చూసి, "ఏడవకమ్మాయ్. ఏడిస్తే కళ్ళు పోతాయి, కండ రాదు" అంది. ఆ రోజు నుంచి ఆవిడ నాకు పిన్ని. పాపను భుజాన వేసుకుని వాళ్ళింటికి వెళ్తూ ఉండేదాన్ని. కదలని శరీరంతో ఒక మనిషి పొద్దు ఎలా గడుపుతాడో చూడాలని వెళ్ళేదాన్ని. అంతకన్నా గొప్ప కారణం ఏమీ లేదు.

వీధి వైపు కిటికీ ఉన్న ఒక గది, వెనక వంటిల్లు. తల వైపు ఎత్తి పెట్టిన మంచం, దానికి ఎదురుగా బొమ్మ వేసే చెక్క. పిన్ని కుంచెను రంగులో ముంచి ఆయన పళ్ళ మధ్య పెట్టేది, కారే చొంగను భుజం మీది తువ్వాలుతో తుడిచేది. నోట్లో కుంచె ఉంటే ఆయన మాట్లాడలేడు. ఏ రంగు కావాలో కనుబొమ్మలతో చెప్పాలి.

"ఎరుపా? కాదా? మరి కనుబొమ్మ ఎగరేశారేం, ఈగ వాలిందా?"

ఆయన నవ్వితే కుంచె జారిపోయేది. "నవ్వించకే. మల్లెమొగ్గ కాస్తా గుమ్మడికాయయింది."

పిల్లల కథల పుస్తకాలకు ఆయన ఎన్నో బొమ్మలు వేశాడు. వయసు పైబడే కొద్దీ దగ్గరి చూపు మందగించింది. పొట్టి కుంచెతో వేస్తుంటే ముక్కుతో బొమ్మ తోముతున్నట్టుందని విసుక్కునేవాడు. అప్పుడు పిన్ని కుంచె చివర సన్నటి కర్ర చేర్చి టేపుతో చుట్టింది. చెక్కను వెనక్కి జరిపింది. బొమ్మ మొత్తం కళ్ళకు ఆనింది. చూపు తగ్గిన ప్రతిసారీ పిన్ని కర్ర పొడుగు చేస్తూ వచ్చింది.

వ్యాయామం చేయించే మేడం తన ఫిజియోథెరపీ గది గోడకు ఒక పడవ బొమ్మ వేసిపెట్టమని అడిగింది. పడవ వచ్చింది, పడవ వాడు వచ్చాడు. మిగిలింది నీళ్ళు. నీటి గీత ఈ అంచు నుంచి ఆ అంచు దాకా కుంచె ఎత్తకుండా ఒకే ఊపున రావాలని బాబాయి పట్టుదల. "మధ్యలో తెగితే అవి నీళ్ళు కావే. తాడు ముక్కలు" అనేవాడు.

అంతలో చిగురు వాచింది, చీము పట్టింది, జ్వరం వచ్చింది. పళ్ళ డాక్టరు ఇంటికొచ్చి చూశాడు. ముందుపళ్ళ కింద ఎముక అరిగిపోయిందని, పై పళ్ళు నాలుగూ తీసెయ్యాల్సిందేనని, చీము రక్తంలో కలిస్తే మంచం మీదున్న మనిషి తట్టుకోలేడని చెప్పాడు.

"తీసేస్తే కుంచె ఎలా పట్టను?"

"ముందు ప్రాణం నిలబడాలి కదండీ."

"మీరు అవి రెండంటున్నారు డాక్టరుగారూ. నాకు ఒకటే."

"కట్టుడు పళ్ళు పెడితే?" అని పిన్ని అడిగింది.

"అన్నానికి పనికొస్తాయి. కుంచెకు ఆగవమ్మా."

"పోనీ దవడ పళ్ళతో పట్టుకుంటే?"

"కర్ర అంత లోపలికి పెడితే వాంతి వస్తుంది. దగ్గి బయటికి తెచ్చే బలం ఈయనకు లేదు. ఊపిరి ఆగుతుంది."

డాక్టరు వెళ్ళాక పిన్ని నన్ను వంటింట్లోకి పిలిచింది. "అమ్మాయ్, నువ్వు సైన్సు చదివావుగా. నేను కర్ర పొడుగు చేసినందుకేనా?"

కర్ర పొడుగయ్యే కొద్దీ, చివరనున్న కొద్దిపాటి బరువు కూడా పట్టిన చోట ఎన్నో రెట్లయి లాగుతుంది. నేను క్లాసులో చెప్పే పాఠమే అది. పాపను ఈ భుజం నుంచి ఆ భుజానికి మార్చుకున్నాను. "కొంత" అన్నాను.

గదిలోంచి బాబాయి గొంతు వినబడింది. "ఆ పిల్లనేం అడుగుతావే? కర్ర లేకపోతే ఇన్నేళ్ళూ నాకు రంగే కనబడేది, బొమ్మ కనబడేది కాదు."

పిన్ని కుళాయిని పూర్తిగా తిప్పి, ఆ చప్పుడులో ఏడ్చింది.

సోమవారం పళ్ళు తీయించుకోవడానికి ఆయన ఒప్పుకున్నాడు. ఈలోగా నీళ్ళు పూర్తి చేస్తానన్నాడు. ఆదివారం మధ్యాహ్నం నేను వెళ్ళేసరికి ఆయన ఒళ్ళు కాలిపోతోంది. పిన్ని కుంచెకున్న కర్ర విప్పేసి, చెక్కను మంచం దగ్గరికి లాగి కూర్చుంది.

"కట్టు" అన్నాడు.

"ఈ ఒక్క గీతకు పొట్టిదే చాలదా?"

"ఇంత దగ్గరైతే అది ఎటు పోతుందో నాకేం తెలుస్తుందే? కట్టు."

కట్టింది. టేపు రెండుసార్లు వంకరగా పడింది. నీలం ముంచి పళ్ళ మధ్య పెట్టింది.

గీత ఎడమ అంచున మొదలైంది. పడవ కిందికి వచ్చింది. మెల్లగా, ఎక్కడా వణక్కుండా, పడవ దాటింది. అక్కడ దవడ అదిరింది. కర్ర పక్కకు వాలి, కుంచె దుప్పటి మీద పడింది. దాంతోపాటే ఒక పన్నూ పడింది. గడ్డం మీద నెత్తురు.

పిన్ని చెయ్యి పన్ను వైపు వెళ్ళింది.

"అది కాదే. ముందు కుంచె తియ్యి. గీత ఆరిపోతుంది."

కుంచె మళ్ళీ పెట్టింది. మిగిలిన పళ్ళకు పట్టు దొరకలేదు. పిన్ని ఒక అరచెయ్యి ఆయన గడ్డం కింద పెట్టి, రెండోది నడినెత్తిన ఆనించి, నోరు మూతపడేలా నొక్కింది. కుంచె చెక్కకు తగిలింది. వేలెడంత దూరం కదిలింది. ఆపైన కిందికి జారి, పడవ పక్కన తోకలా వేలాడింది.

ఆయన కుంచె వదిలేశాడు.

"తుడిచెయ్యనా?"

"తుడిస్తే మళ్ళీ ఎవరు గీస్తారు?"

పాప నా భుజం మీద నిద్రపోయింది. వీధిలో ఎవరో సైకిల్ గంట కొట్టుకుంటూ పోయారు.

"రేపు పొద్దున్నే రమ్మను ఆ డాక్టర్ని. మిగతావీ పీకి పారెయ్యమను" అన్నాడు బాబాయి, దవడ కదలకుండానే.

పిన్ని చేతులు తియ్యలేదు. గడ్డం కింద ఒకటి, తల మీద ఒకటి, అలాగే నొక్కి పట్టుకుని ఉంది.

"నొప్పిగా ఉందే. వదులు" అన్నాడు.

పిన్ని వదల్లేదు.